మడత విప్పే వేళ

సదాశివ కుడికాలి బొటనవేలు కదిలింది. గడప మీద కూర్చుని మెంతికూర ఒలుస్తున్న రమాబాయి చేతులు ఆగిపోయాయి. ఇక గంటసేపు, కొంచెం అటూ ఇటూగా. ముందు కాలివేళ్ళు, తర్వాత గొంతులో గుటక, ఆ తర్వాత నుదుటి మీద చెమట, చివరికి కళ్ళు. ఇరవయ్యేళ్ళ కాపురంలో ఆ వరస ఆమెకి అన్నం ఉడికే వరస తెలిసినట్టే తెలుసు. ఆ కళ్ళు తెరుచుకుంటే నోటివెంట మొదట ఏ మాట వస్తుందో కూడా తెలుసు. లీలకు జరం దిగిందా అని అడుగుతాడు. ఆయనకి ఇది ఇంకా ఆ సాయంత్రమే. కళ్ళు మూసుకున్నప్పుడు తొమ్మిదేళ్ళ కూతురు పక్కగదిలో మంచం మీద ఒళ్ళు కాలిపోతూ పడుకుని ఉంది, తెరిచేసరికీ అక్కడే ఉంటుందనుకుంటాడు. ఆ మంచం ఇప్పుడు పెరట్లో గోడకు ఆనించి ఉంది, వానకు తడిసి నవారు నల్లబడింది. పిల్ల దినాలు కూడా అయిపోయాయి. ఇంట్లో అందరూ ఏడ్చి, వచ్చినవాళ్ళు వచ్చినట్టే వెళ్ళిపోయి, శారదమ్మ పిన్ని కూడా మొన్న తన ఊరు వెళ్ళిపోయి, యాకుత్‌పురా స్టేషన్ నుంచి బండి కూత ఎప్పటిలాగే గోడ దాటి లోపలికి వస్తూ ఉంది. ఈ సంగతులేవీ ఆ ముఖానికి తెలియవు. నిన్న మొన్న పెళ్ళయిన కుర్రవాడి ముఖంలా నున్నగా, చలవగా ఉంది.

మడత అంటాడు ఆయన దాన్ని. పురానాపూల్ అవతల ఒక పాత మఠంలో ఉండిన ముసలాయన నేర్పిన ఊపిరి. నాలుకను వెనక్కి మడిచి అంగిటికి ఆనించి, ఎడమ ముక్కులోంచి గాలిని సన్నటి దారంలా లోపలికి లాగి, బొడ్డు దగ్గర చుట్టచుట్టి నిలిపితే, ఇప్పటి క్షణం కొసా, ఎక్కడో ముందున్న ఇంకో క్షణం కొసా వచ్చి ఒకదానికొకటి అంటుకుంటాయట. పెళ్ళయిన కొత్తలో తన ధోవతి చేతిలో పట్టుకుని చూపించాడు. "ఇగో, గీ కొస, గా కొస. గిట్ల మడిస్తే రెండు కలిసినయి. నడుమ బట్ట యాడికన్న పోయిందా? ఏడికీ పోలే. నువ్వు దాని మీద నడవాల్సిన పని లేదు, గంతే." మరి ఆ నడుమ బట్ట మీద నడిచేది ఎవరని ఆమె అడగలేదు. అప్పుడామెకి పదిహేనేళ్ళు, మొగుడు నవ్వుతూ నాలుగు మాటలు మాట్లాడితే అదే పదివేలనుకునే వయసు. పైగా ఎంత వింత! పంటినొప్పితో మెలికలు తిరుగుతున్న మనిషి చాప మీద కూర్చుని ఊపిరి బిగపడితే, రెండు రోజుల తర్వాత లేచి, దవడ తడుముకుని, నొప్పి లేదు చూడు అని నవ్వేవాడు. ఆ రెండు రోజులూ ఆయనకి రెప్పపాటు. మడతలో ఉన్న మనిషికి ఆకలి ఉండదు, గడ్డం పెరగదు, గోళ్ళు పెరగవు. ఈగలు వాలకుండా పల్చటి పాత చీర కప్పి, రోజూ తడిగుడ్డతో పెదాలు తుడిస్తే చాలు. ఆ తుడవడం మొదట్లో ఆమెకి పూజలా ఉండేది. తర్వాత అంట్లు తోమడంలా అయింది.

దఫ్తర్‌లో పెద్దసాబ్ నలుగురిలో కసిరిన రోజు ఇంటికొచ్చి ఆ వారమంతా మడిచేశాడు. ఎండాకాలాలు మడిచాడు. తండ్రి పోయినప్పుడు కర్మలు అయ్యేదాకా నిలబడ్డాడు పాపం, అది మాత్రం చెప్పుకోవాలి, అయిన మర్నాడే కూర్చుని దసరా దగ్గర లేచాడు. లీలని కనేటప్పుడు, లోపల తను మంచంకోడు పట్టుకుని అరుస్తుంటే, బయట పడసాలలో ఆయన కళ్ళు మూసుకున్నాడు, కళ్ళు తెరిచేసరికి మంత్రసాని ఒళ్ళో పిల్ల. "అప్పుడే అయిపాయెనా!" అన్నాడు. అప్పుడు నవ్వొచ్చింది తనకి. నిజంగానే నవ్వింది. ఆ మాటని చుట్టాలందరికీ చెప్పి నవ్వించింది. ఎప్పుడు ఆగిపోయింది ఆ నవ్వు? జగడమాడిన ప్రతిసారీ ఆయన లేచి వెళ్ళి చాప పరుచుకోవడం మొదలయ్యాకనా? తను కోపంతో ఒక్కతే రెండు రోజులు ఉడికి, ఒక్కతే చల్లారి, ఎందుకు కోపం వచ్చిందో కూడా మరిచిపోయాక ఆయన కళ్ళు తెరిచి, సగంలో ఆగిన మాటని సగంలోంచే అందుకునేవాడు. లేక చూడీబజార్‌లో ఆ రోజా? గాజులు తొడిగే ముసలమ్మ తన చెయ్యి పిసుకుతూ ఆయన వైపు చూసి, "ఆప్కే ఛోటే భాయ్ హై క్యా, అమ్మా?" అంది. తమ్ముడా అని. ఆయన పకపకా నవ్వాడు. తన చెయ్యి గాజులో ఇరుక్కుని కమిలింది. ఇంటికొచ్చి అద్దంలో చూసుకుంటే పాపిట దగ్గర తెల్లవెంట్రుకలు, కళ్ళకింద సంచులు. ఆయన దాటేసిన ఎండలన్నీ, జ్వరాలన్నీ, మాటపట్టింపులన్నీ తన ముఖం మీదే పడ్డాయి. ముప్ఫై అయిదేళ్ళకి తను పెద్దక్కలా, నలభై దాటిన ఆయన పెళ్ళికొడుకులా. ఇద్దరూ పక్కపక్కన నడుస్తున్నారనుకుంది తను ఇన్నాళ్ళూ. ఆయన ఎప్పుడో ఎక్కడో ఆగి ఆగి వస్తున్నాడు. తను మాత్రం నడుస్తూనే ఉంది.

గొంతు కదిలింది. గుటక. కంఠం ముడి పైకి వెళ్ళి మెల్లగా దిగింది. రమాబాయి మెంతికూర చేట పక్కకి నెట్టి, చేతులు కొంగుకి తుడుచుకుని, గదిలోకి వచ్చి ఎదురుగా కూర్చుంది. లీల అయితే ఈపాటికి ఆయన చెవిలో ఉఫ్ అని ఊదుతూ ఉండేది. తండ్రి మడతలో ఉంటే చుట్టూ తిరుగుతూ ఊదడం, మీసం మీద వేలు పెట్టడం, టాంగావాలాలా నాలుకతో టక్ టక్‌మని చప్పుడు చేసి "హటో హటో, బాపు వస్తుండు" అనడం, వీపు మీద బలపంతో ఏనుగు గీయడం. లేచాక ఆయన చొక్కా విప్పి వెనక్కి తిప్పి చూసుకుని, ఎవరే ఇది గీసిందని వెతికేవాడు. పిల్లకి కావలసిన తండ్రి అట్లా దొరికాడు, ఆటవస్తువులా. పాలు ఒలికినా, దెబ్బ తగిలినా, బడిలో పంతులమ్మ కొట్టినా తన దగ్గరికే వచ్చేది. నవ్వాలంటే ఆయన దగ్గరికి. అందుకే ఆయన అంటే అంత ప్రాణం. తను పెట్టే అన్నం కనపడేది కాదు దానికి, ఆయన కళ్ళు తెరవడం పండగలా కనపడేది. నాకు కోపం వచ్చేదా, అని రమాబాయి తనని తాను ప్రశ్నించుకుంది. వచ్చేది. చచ్చిపోయిన పిల్ల మీద కోపమేంటి, అని వెంటనే సిగ్గేసింది.

జ్వరం వచ్చిన నాలుగైదు రోజులకి పిల్ల పొట్ట మీద ముత్యాల్లాంటి పొక్కులు చూసి, హకీంసాబ్ మోతీజర అన్నాడు, అంటే టైఫాయిడ్. మూడు వారాలు మంచం దిగనివ్వకండి, బార్లీనీళ్ళు తప్ప ఏమీ పెట్టకండి, ఆపైన వాడి దయ అని పైకి చెయ్యి చూపించాడు. ఆయన్ని టాంగా ఎక్కించి లోపలికి వచ్చిన సదాశివ ముఖం చూస్తూనే ఆమెకి అర్థమైంది. చాప దులుపుతున్నాడు.

"రమా, నాతోటి కాదే. దాని మొకం నేను జూడలేను. జరం దిగినంకనే లేస్త. నడుమల నేను పైకి తేలితే, ఇంకా దిగకుంటే, నా కండ్ల మీద చెయ్యి వెట్టి 'ఇంకా' అను. నేను మల్ల లోపలికి పోత."

"మరి నేనేం గావాలె?"

"నువ్వు గట్టిదానివి."

అంత తేలిగ్గా అన్నాడు. ఇల్లు గట్టిది, గోడ గట్టిది అన్నట్టు. తను ఆ రోజే ఆ చాప లాగి అవతల పారేసి ఉంటే? అప్పుడే పక్కగదిలోంచి పిల్ల నీళ్ళు అడిగింది, తను పరుగెత్తింది, నీళ్ళు తాగించి వచ్చేసరికి ఆయన వెళ్ళిపోయాడు. ఎదురుగా కూర్చుని ఉండి వెళ్ళిపోయాడు. ఆ తర్వాత రోజులు ఒకదానిలోకి ఒకటి కలిసిపోయాయి. తడిగుడ్డలు, బార్లీనీళ్ళు, పిల్లకి జుట్టు తీయించడం, తీయించాక అది గుండు తడుముకుని "తిరుపతి పోకుండనే అయింది" అని నవ్వడం. ఎంత నవ్వేది ఆ పిల్ల! రోజూ పొద్దున్నే అడిగేది, బాపు లేచిండా అని. లేస్తడు తల్లీ అనేది తను. ఒకరోజు అంది, "అమ్మా, నాక్కూడ నేర్పియ్యమని చెప్పవే. జరం పొయ్యేదాంక నేను గూడ కూసుంట." తను బయటికి వచ్చి బావి దగ్గర నిలబడి కొంగు నోట్లో కుక్కుకుంది. నిజంగానే నేర్పి ఉంటే బతికేదా? లేదులే. మడతలో రోగం తగ్గదు, పంటినొప్పీ దానంతట అదే పోయే నొప్పి. ఆ సంగతి తనకి ఆ రోజు బావి దగ్గర తెలిసింది. ఆయనకి ఇప్పటికీ తెలియదు.

వారం తిరక్కుండా ఆయన మొదటిసారి పైకి తేలాడు. వేళ్ళు, గుటక, చెమట. పక్కగదిలో పిల్ల మెలకువగానే ఉంది, కళ్ళు లోతుకు పోయాయి గాని మాట ఉంది. ఒక్క క్షణం ఆగితే ఆయన కళ్ళు తెరిచేవాడు. పిల్ల బాపుని చూసేది. బాపు పిల్లని చూసేవాడు. తను ఏం చేసింది? చెమట పట్టిన ఆ చల్లటి నుదుటి మీద, కనురెప్పల మీద అరచెయ్యి పెట్టి, ఇంకా అంది. ఆయన చెప్పినట్టే చేశాను కదా. చెప్పినట్టే చేశాను. కానీ చెయ్యి పెట్టేటప్పుడు లోపల మెదిలింది మాట వినే పెళ్ళాం కాదు, అది తనకి తెలుసు. ఇన్ని రాత్రులు నేను మేలుకుంటే నీకు ఇప్పుడు లేచి ముద్దుచేయడానికి పిల్ల కావాలా, అన్న మంట అది. పో, లోపలికే పో, అనుకుంది. ఆ మంటకి పిల్ల నష్టపోయింది. ఆ సంగతి ఎవరికీ తెలియదు.

పోయే రోజు పిల్ల అడిగింది, బాపు దగ్గర పడుకుంటానని. ఎత్తి తెచ్చి ఇక్కడే, ఈ చాప పక్కనే బొంత మీద పడుకోబెట్టింది. ఎంత తేలికైపోయింది ఒళ్ళు! అది చెయ్యి చాపి ఆయన మోకాలి మీద పెట్టింది. ఊదలేదు, ఆట పట్టించలేదు. బాగా పొద్దెక్కాక, బయట ఎండ ఫెళ్ళున కాస్తుండగా, ఆ చెయ్యి అక్కడ ఉండగానే పిల్ల పోయింది. ఆయన మోకాలు కదల్లేదు. మరిది కైలాసం వచ్చి, చూసి, నెత్తి కొట్టుకుని, అన్న భుజాలు పట్టి ఊపాడు. చెవిలో అరిచాడు.

"లేపుతున్న వదినా, ఏమన్న గానీ!"

"వద్దు కైలాసం! లోపలున్నోళ్ళను బలిమిన లేపితే ఊపిరి తెగుతదట. పాణం పోతది."

"పోతె పోనీ! బిడ్డకు కొరివి వెట్టేటోడు ఎవడు?"

"నువ్వు వెట్టు."

కైలాసమే పెట్టాడు. తను ఈ గదికి తాళం వేసి, వచ్చినవాళ్ళందరికీ, ఆయనకి కూడా అదే జ్వరం, కదల్లేని స్థితి అని చెప్పింది. అయ్యో అయ్యో అన్నారు. తాళం అవతల ఆయన పెళ్ళికొడుకులా కూర్చుని ఉన్నాడు.

దినాలు అయిన తర్వాత రెండోసారి తేలాడు. అప్పుడు కూడా తను ఇంకా అంది. అది కోపం కాదు. అప్పుడు తట్టింది వేరే ఆలోచన. ఈ ఊళ్ళో లీల బతికున్న చోటు ఇక ఇదొక్కటే. ఈ మూసిన రెప్పల వెనక అది ఇప్పటికీ పక్కగదిలో పడుకుని నీళ్ళు అడుగుతోంది. కళ్ళు తెరిస్తే, తను నోరు తెరిస్తే, పిల్ల ఇంకోసారి చచ్చిపోతుంది, ఈసారి తన చేతుల్లో, తన మాటతో. అందుకని రోజూ వచ్చి ఎదురుగా కూర్చునేది. ఆయన ముఖం చూస్తూ, అక్కడ ఉందిలే, బాగానే ఉందిలే అనుకునేది. ఆ మెతుకుతోనే ఇన్నాళ్ళు బతికింది.

నుదుటి మీద చెమట పొడిచింది. చిన్న చిన్న చుక్కలు, కనుబొమల పైన. బయట మసీదులోంచి సాయంత్రపు అసర్ నమాజుకి అజాన్ మొదలైంది. చెయ్యి లేచింది, దానంతట అదే, రెప్పల మీదికి వెళ్ళడానికి. ఒక్క మాట. ఇంకా. ఇంకొన్నాళ్ళు పిల్ల బతుకుతుంది.

చెయ్యి గాలిలోనే నిలిచింది. ఎందుకంటే ఈరోజు పొద్దున దుర్గయ్య వచ్చాడు. స్టేషన్ వెనక బర్రెల కొట్టం ఆయనది, లీల పుట్టక ముందు నుంచీ ఈ ఇంటికి పాలు పోస్తున్నాడు. పిల్ల పోయినప్పుడు చూడడానికి వచ్చి వెళ్ళాడు, తర్వాత కొట్టంలో పనివాణ్ని పంపిస్తూ వచ్చాడు. ఈరోజు తనే వచ్చి, మాట్లాడుతూ మాట్లాడుతూ, ఎప్పటి అలవాటు కొద్దీ గిన్నె నిండా కొలిచి, ఆపైన "బిడ్డకు" అని ఇంకొంచెం వంచాడు. వంచాక చెంబు అట్లాగే ఉండిపోయింది చేతిలో. "అయ్యో తల్లీ, మరిసిపోయిన. మరిసిపోయిన తల్లీ," అన్నాడు. అంత పెద్ద మీసాల మనిషి గుమ్మంలో చతికిలబడి వెక్కి వెక్కి ఏడ్చాడు. "నా బర్రెకు లక్ష్మి అని పేరు వెట్టింది ఆ పిల్లనే. కొమ్ము పట్టుకుని ఎక్కుతనని ఎంత లొల్లి జేసేది!" తనకి ఆ సంగతి తెలియదు. కొట్టం దగ్గరికి పోయి బర్రె ఎక్కబోయిందన్న సంగతి ఎవరూ చెప్పలేదు. ఎప్పుడు పోయింది? ఎవరితో పోయింది? తనూ గుమ్మంలో ఇవతల కూర్చుని ఏడ్చింది. ఏడుస్తూనే అడిగింది, ఇంకేం చేసేదని. దుర్గయ్య చెప్పాడు. కాసేపే. పాలు చల్లారిపోయాయి. కానీ ఆయన వెళ్ళాక ఆమె గుండెలో బరువు సర్దుకున్నట్టయింది. పిల్ల తనకి తెలియని చోట ఇంకొంచెం దొరికింది. మూసిన రెప్పల వెనక లీల ఒక్క మాటా కొత్తగా మాట్లాడదు, ఎప్పుడూ ఆ సాయంత్రమే, ఎప్పుడూ అవే నీళ్ళు. ఏడ్చే మనిషి దగ్గర అది బర్రె ఎక్కింది.

చెయ్యి కిందికి దించుకుని ఒళ్ళో పెట్టుకుంది. అజాన్ ఆగింది. సదాశివ కళ్ళు తెరిచాడు.

వెలుతురుకి రెప్పలు టపటపలాడించాడు. కళ్ళలో ఆ సాయంత్రపు భయం, తాజాగా, ఇప్పుడే పుట్టినట్టు.

"దిగిందా, రమా? జరం దిగిందా?"

ఇన్నాళ్ళూ కూడబెట్టుకున్న మాటలన్నీ, తిట్లన్నీ, ఎక్కడికి పోయాయో పోయాయి.

"లీల లేదు," అంది. "పోయింది. దినాలు గూడ అయినయి."

ఆయన నవ్వబోయాడు. "ఏమంటున్నవే? ఇప్పుడే గద నీళ్ళడిగింది?" అన్నాడు. అని పక్కగది వైపు చూశాడు. మంచం ఉండాల్సిన చోట ఖాళీ గచ్చు. మళ్ళీ ఆమెని చూశాడు. ఆమె జుట్టుని, ముఖాన్ని, ఎండిన పెదాలని. అప్పుడు అర్థమైంది ఆయనకి. వీపు తనంతట తానే నిటారుగా అయింది, గొంతు లోపలికి పీల్చుకుంది, నాలుక వెనక్కి మడత పడడం ఆమెకి చెంప కింద కనపడింది. ఎడమ ముక్కు సన్నగా ఈల వేసింది.

రమాబాయి ఆయన్ని ముట్టుకోలేదు.

"మడత ఏస్కో," అంది. "నేను ఆపను. గని ఏ దినానికి పోయి లేస్తవు? దసరాకా? వచ్చే యేడుకా? ఏడ లేసినా పిల్ల ఉండదు. పిల్ల ఉన్నదంత నువ్వు మడిచేసిన రోజులల్లనే ఉన్నది. అది గుండు జేయించుకుని ఏమన్నదో నీకు తెల్వది. నీ గురించి రోజూ ఏం అడిగిందో తెల్వది. నేను ఏం జేసిన్నో, నువ్వు తేలితే నేను ఏమన్ననో, గది గూడ తెల్వది, గది గూడ చెప్త. నా దగ్గర మస్తుగున్నది. ఒక్కదాన్నే మోస్తున్న. కావాల్నా నీకు, వద్దా?"

ఇరవయ్యేళ్ళలో మొదటిసారి ఆమె ఆయన్ని నువ్వు అంది. అది ఇద్దరికీ వినపడలేదు. ఆయన లోపలికి లాగిన ఊపిరి అక్కడే ఉంది. ముఖం కందింది. మెడ మీద నరం ఉబ్బింది. ఆమె ఆ నరాన్నే చూస్తూ కూర్చుంది. వెళ్ళిపోతే కైలాసం ఇంటికి కబురు పెట్టి, బట్టలు సర్దుకుని, ఈ తడిగుడ్డ గిన్నె మీద వేసి వెళ్ళిపోవాలని ఎంతో ప్రశాంతంగా అనుకుంది. అంతలో ఆయన గొంతులోంచి ఏదో తెగినట్టు చప్పుడైంది. ఊపిరి ఒక్కసారిగా బయటికి వచ్చింది, దగ్గుతో, ఎంగిలితో. ముందుకు వంగిపోయి చాప మీద రెండు చేతులూ ఆనించి, పసివాడిలా, పద్ధతీ వరసా లేని ఊపిరితో ఏడ్చాడు. ఆయన ఏడవడం ఆమె ఎప్పుడూ చూడలేదు. ఏడ్చేటప్పుడు ముఖం వయసుకి తగ్గట్టు ముడతలు పడింది.

ఆమె వీపు మీద చెయ్యి వెయ్యలేదు. లేచి వెళ్ళి చెంబుతో నీళ్ళు తెచ్చి పక్కన పెట్టింది. తనూ చాప చివర గోడకి ఆనుకుని కూర్చుంది. ఏడుపు తగ్గాక, ముఖం ఎత్తకుండానే, ఆయన అన్నాడు.

"చెప్పు."

"అంత ఒక్కసారి చెప్పరాదు."

"ఏదీ ఇడువకు. ఫస్టు నుంచి చెప్పు."

చెప్పడం మొదలుపెట్టింది. ఆయన మధ్యమధ్య అడిగాడు, బార్లీనీళ్ళు తాగిందా, చేదుగా ఉందని ఉమ్మేసిందా, ఏ గౌను వేసుకుంది, అప్పుడు నువ్వు ఎక్కడ కూర్చున్నావు అని. ఆమె ప్రతిదానికీ ఆగి, గుర్తు తెచ్చుకుని, చెప్పింది. కొన్ని ఆమెకీ గుర్తులేవు, అడిగాకే గుర్తొచ్చాయి. గుమ్మంలో వెలుతురు పసుపుపచ్చగా అయి, బూడిదరంగుకి తిరిగి, మెంతికూర చేటలోనే వాడిపోయింది. దీపం పెట్టే వేళకి ఆమె ఇంకా ఆయన కళ్ళు మూసుకున్న రెండోరోజు దగ్గరే ఉంది.